భుజం మీద కన్ను



ఈ ఉపన్యాస నిధిని ఏర్పాటు చేసినవారు పెట్టిన షరతు ఒక్కటేనని కార్యదర్శి గారు చెప్పారు. టైటిల్స్‌లో పేరు చిన్న అక్షరాల్లో పడేవాళ్ళ గురించి మాట్లాడాలి. దర్శకులకూ నటీనటులకూ సభలు ఎలాగూ జరుగుతాయి, కెమెరా వెనక నిలబడ్డవాళ్ళకీ మైకు పట్టుకున్నవాళ్ళకీ ఏడాదికొక్క సాయంత్రమైనా ఉండాలన్నది వారి కోరిక. నాకు నచ్చింది. అయినా ఆ షరతును కొంచెం వంచి, తెర మీద పెద్ద అక్షరాల్లోనే పేరు పడ్డ ఒక మనిషిని ఎంచుకున్నాను. ఆల్బర్ట్ మేజిల్స్. 1926లో బోస్టన్‌లో పుట్టారు, 2015 మార్చి 5న న్యూయార్క్‌లో పోయారు. తమ్ముడు డేవిడ్‌తో కలిసి తీసిన డాక్యుమెంటరీల వల్ల ప్రపంచం ఆయన్ని దర్శకుడిగా లెక్కేస్తుంది. కానీ అరవై ఏళ్ళ పాటు ఆయన చేసిన పని కెమెరా భుజాన వేసుకుని ఎదుటి మనిషి ముందు నిలబడటం. డాక్యుమెంటరీ ఎడిటింగ్ బల్ల మీద రూపు కడుతుందని ఆయనకు బాగా తెలుసు. అందుకే ఆ బల్ల దగ్గర కూర్చున్న షార్లెట్ జ్వెరిన్, ఎలెన్ హోవ్డ్, మఫీ మేయర్ వంటివారి పేర్లు అన్నదమ్ముల పేర్ల పక్కన దర్శకులుగానే పడ్డాయి. కాబట్టి ఈ పూటకు ఆయన్ని ఛాయాగ్రాహకుడిగానే చూద్దాం.

నా వయసువాళ్ళకు డాక్యుమెంటరీ అంటే మొదట గుర్తొచ్చేది ఫిల్మ్స్ డివిజన్. 1948లో మొదలైన ఆ సంస్థ తీసిన చిన్న సినిమాలను, న్యూస్‌రీళ్ళను అసలు సినిమాకు ముందు వెయ్యాలన్నది అప్పట్లో హాళ్ళ లైసెన్సు షరతు. మనలో చాలామంది ఆ పది నిమిషాలూ బయట సోడా తాగుతూ గడిపినవాళ్ళమే. లోపల ఉన్నవాళ్ళకు ఒక గంభీరమైన గొంతు వినిపించేది. ఆనకట్ట చూపించి ఇది ఆనకట్ట అని చెప్పేది, రైతు నవ్వితే ఆ నవ్వుకు కారణం కూడా తనే చెప్పేది. అదే సంస్థ కోసం 1967లో సుఖ్‌దేవ్ వ్యాఖ్యానమే లేకుండా 'ఇండియా 67' తీశారు. అది గొప్ప మినహాయింపు. మినహాయింపు కనుకనే ఇన్నాళ్ళు చెప్పుకుంటున్నాం.

ఇది మన ఒక్కరి జబ్బు కాదు. 1950ల అమెరికన్ టెలివిజన్ డాక్యుమెంటరీలూ వ్యాఖ్యాత చెయ్యి పట్టుకునే నడిచేవి. దానికి కారణం కొంత అలవాటు, ఎక్కువ భాగం యంత్రం. బొమ్మనూ మాటనూ కలిపి పట్టే కెమెరా బరువైనది. స్టాండు మీద కూర్చునేది, తీగతో రికార్డరుకు కట్టేసి ఉండేది. జీవితం దగ్గరకు కెమెరా పోలేదు కాబట్టి జీవితమే కెమెరా దగ్గరకు వచ్చేది, వచ్చి ముఖాన లైట్లు పడుతుండగా అప్పజెప్పిన మాటలు చెప్పి వెళ్ళిపోయేది. మిగిలిన ఖాళీలను వ్యాఖ్యానం పూడ్చేది.

మేజిల్స్ ఈ వృత్తిలోకి సినిమా మీద మోజుతో రాలేదు. వాళ్ళ నాన్న తపాలా గుమాస్తా, అమ్మ పంతులమ్మ. యుద్ధ కాలంలో సైన్యంలో చేశారు, తరువాత మనస్తత్వశాస్త్రం చదివి బోస్టన్ విశ్వవిద్యాలయంలో కొంతకాలం అదే పాఠం చెప్పారు. 1955లో సోవియట్ రష్యాలోని మానసిక వైద్యశాలలు చూడాలనిపించింది. సి.బి.ఎస్. టెలివిజన్ వాళ్ళ దగ్గర ఒక చిన్న 16 ఎం.ఎం. కెమెరా అరువు తీసుకుని వెళ్ళారు. శబ్దం పట్టని కెమెరా. అలా తయారైంది 'సైకియాట్రీ ఇన్ రష్యా'. పద్నాలుగు నిమిషాల సినిమా. కళాఖండం కాదు గానీ, మనస్తత్వశాస్త్రం మేష్టారు చేతికి కెమెరా వస్తే ఎటు తిప్పుతాడన్నది అందులో తెలుస్తుంది. భవనాల మీద నిలవదు ఆ కెమెరా, ముఖాల వైపు పోతుంది. రెండేళ్ళకు అన్నదమ్ములిద్దరూ మోటార్‌సైకిల్ మీద మ్యూనిక్ నుంచి మాస్కో దాకా వెళ్ళారు. దారిలో పోలండ్ కుర్రకారు మీద ఒక సినిమా తీశారు.

అసలు మలుపు 1960. విస్కాన్సిన్ రాష్ట్రంలో డెమొక్రటిక్ పార్టీ అభ్యర్థిత్వం కోసం జాన్ కెనెడీ, హ్యూబర్ట్ హంఫ్రీ పోటీ పడుతున్నారు. రాబర్ట్ డ్రూ అనే పాత్రికేయుడు ఒక చిన్న బృందాన్ని పోగుచేశారు. రిచర్డ్ లీకాక్, డి.ఎ. పెన్నెబేకర్, టెరెన్స్ మెకార్ట్నీ-ఫిల్గేట్, మేజిల్స్. ఆ సినిమా పేరు 'ప్రైమరీ'. అందులో మిల్వాకీ నగరంలో పోలిష్ అమెరికన్ల సభ ఒకటి ఉంది. కెనెడీ జనంలోంచి నడిచి వేదిక ఎక్కాలి. మేజిల్స్ ఆయన వెనకే పడ్డారు. కెమెరాకు చాలా వెడల్పు లెన్స్ తగిలించి, తల పైకెత్తి పట్టుకుని, కంటికి ఆనకుండానే నడిచారు. కరచాలనాలు, తలుపు, ఇరుకు దారి, మెట్లు, ఒక్కసారిగా వేదిక, దాని ముందు హాలు నిండా జనం. ఒకే షాట్, నిమిషం పైన.

ఈ షాట్ గురించి సినిమా పుస్తకాలు చాలా చెబుతాయి. నాకు ముఖ్యమనిపించేది ఒక్క సంగతి. రాజకీయ నాయకుడి ముఖాన్ని చూపించడం అందరికీ తెలిసిన పనే. ఆ నాయకుడి వీపు వెనక నిలబడి, జనం ముఖాలు ఆయన వైపు ఎలా తిరుగుతున్నాయో చూపించాలంటే కెమెరామన్ ముందుగా తన అహాన్ని పక్కన పెట్టాలి. మంచి క్లోజప్ వదులుకోవాలి. ఆ నిమిషంలో అధికారం ఎలా ఉంటుందో వెనకనుంచి కనిపిస్తుంది. అదే సినిమాలో జాక్లీన్ కెనెడీ మైకు ముందు పోలిష్ భాషలో రెండు ముక్కలు మాట్లాడుతుంది. కెమెరా ఆమె వెనక్కి చేరి తెల్లని తొడుగుల్లోని చేతుల్ని చూపిస్తుంది. వేళ్ళు ఒకదాన్నొకటి నలుపుకుంటున్నాయి. ఆ సభలో ఉన్న వందల మందికి కనపడనిది అది.

యంత్రం సంగతి కొంచెం చెప్పాలి. ఈ వృత్తిలో ఒకరి శైలిలో సగం ఆయన భుజానికి సరిపడ్డ యంత్రమే. డ్రూ బృందం ఆక్యుట్రాన్ గడియారంలోని కంపనాన్ని ఆధారం చేసుకుని కెమెరానూ టేప్ రికార్డరునూ తీగ లేకుండా ఒకే వేగంతో నడిపించే ఉపాయం కనిపెట్టింది. మేజిల్స్ తన ఆరికాన్ కెమెరాను తనకు తగ్గట్టు మార్పించుకున్నారు. ఫిలిం డబ్బా వెనక్కి జరిగి బరువు భుజం మీద తూగేది. తమ్ముడు డేవిడ్ నాగ్రా రికార్డరు తగిలించుకుని, మైకు పట్టుకుని, అన్న చూపు ఎటు పోతే అటు చెవి తిప్పేవాడు. ఇద్దరి మధ్యా తీగ లేదు కాబట్టి ఒకరు తలుపు దగ్గర, ఇంకొకరు మంచం పక్కన ఉండగలిగేవారు. నాలుగు వందల అడుగుల డబ్బా పదకొండు నిమిషాలు వస్తుంది. ఆ లెక్క ఎప్పుడూ తల వెనక నడుస్తూనే ఉండాలి. ఇప్పుడు ఫోన్లలో గంటల తరబడి తీస్తున్న పిల్లలకు ఈ ఒత్తిడి ఊహించడం కష్టం. ఎప్పుడు ఆపాలో తెలియనివాడికి పన్నెండో నిమిషంలో జరగబోయేది దొరకదు.

ట్రైపాడ్ వాడొద్దు, లైట్లు పెట్టొద్దు, జూమ్ చేత్తో తిప్పాలి, నడిచేటప్పుడు వెడల్పు లెన్సుకు వెళ్ళాలి, ప్రతి షాట్ మొదట్లోనూ చివర్లోనూ కాసేపు నిలపాలి, ఎడిటర్‌కు అది కావాలి. తరువాతి రోజుల్లో మేజిల్స్ కొత్తవాళ్ళకు చెప్పిన సూత్రాలు ఇలా ఉంటాయి. వీటితో పాటే, ఏ మెలికా లేకుండా, నీ ఎదుటివాళ్ళను ప్రేమించు అని కూడా రాశారు. జూమ్ సంగతీ ప్రేమ సంగతీ ఒకే కాగితం మీద పెట్టడం మనకు నవ్వు తెప్పించవచ్చు. ఆయన దృష్టిలో రెండూ చేతికి సంబంధించిన పనులే అనుకుంటాను. మోటారుతో నడిచే జూమ్ ఒకే వేగంతో పోతుంది. చేత్తో తిప్పేది సందేహిస్తుంది, ఆగుతుంది, మళ్ళీ దగ్గరకు జరుగుతుంది. ఎదుటి మనిషి మీద ఆసక్తి ఎంత ఉంటే ఆ కదలిక అంత.

ఒక అపోహ తొలగించాలి. ఈ తరహా సినిమాల గురించి మాట్లాడేటప్పుడు, కెమెరా ఉన్న సంగతే ఎవరికీ తెలియకుండా గోడకంటుకుని తీస్తారని చెప్పడం పరిపాటి. మేజిల్స్ దీన్ని ఒప్పుకోలేదు. గోడకంటుకున్న దానికి బుర్ర ఉండదని ఆయన వాదన. కళ్ళతో పలకరించాలి, మనిషికి తన ఉనికి తెలియాలి, తెలిసీ ఇబ్బంది అనిపించకూడదు. మనుషులకు దాచుకోవాలన్న కోరిక కంటే చెప్పుకోవాలన్న కోరికే బలమైనదని ఆయన నమ్మకం. మేష్టారుగా చేసిన మనస్తత్వశాస్త్రం అక్కడ పనికొచ్చింది.

మన కచేరీల్లో మృదంగం వాయించేవాడు పాట ఎటు తిరుగుతుందో ముందు తెలియకపోయినా గాయకుడి మోకాలి మీద పడే వేళ్ళను చూసి అందుకుంటాడు. మేజిల్స్ కెమెరా అచ్చంగా అలాంటి పక్కవాద్యం. ఆయన షాట్లలో నాకు అన్నిటికంటే నచ్చేది మాట్లాడేవాడిని వదిలి వినేవాడి దగ్గరకు వెళ్ళే గుణం. అన్నదమ్ముల సినిమా 'గిమ్మీ షెల్టర్'లో రోలింగ్ స్టోన్స్ అనే రాక్ బృందం మజిల్ షోల్స్ స్టూడియోలో తాము రికార్డు చేసిన పాట తామే వింటుంటుంది. వినడం అంటే సినిమా భాషలో ఏమీ జరగకపోవడం. కీత్ రిచర్డ్స్ కళ్ళు మూసుకుని ఉంటాడు. కెమెరా ఆయన పాము చర్మపు బూట్ల దాకా దిగుతుంది. డ్రమ్స్ వాయించే చార్లీ వాట్స్ ముఖం మీద చాలాసేపు నిలుస్తుంది. వాట్స్ కెమెరా వైపు చూస్తాడు, చూపు తప్పిస్తాడు, మళ్ళీ చూస్తాడు. ఇంకెవరైనా అయితే 'కెమెరా వైపు చూశాడు, పాడైపోయింది' అని కట్ చేసేవారు. ఇక్కడ ఆ ఇబ్బందే షాట్‌లోని విషయం.

1964 ఫిబ్రవరిలో బీటిల్స్ అమెరికా వచ్చిన కథ అందరికీ తెలిసిందే కనుక త్వరగా ముగిస్తాను. బ్రిటన్‌లోని గ్రెనాడా టెలివిజన్ ఫోన్ చేస్తే అన్నదమ్ములు విమానాశ్రయానికి పరుగెత్తారు. వాళ్ళు పాడే ఎడ్ సలివన్ షో లోపల చిత్రీకరణకు అనుమతి దొరకలేదు. వీళ్ళు ఒక అపార్ట్‌మెంట్‌లోకి వెళ్ళి, అదే కార్యక్రమాన్ని టీవీలో చూస్తున్న ఒక కుటుంబాన్ని తీశారు. మళ్ళీ అదే: పాడేవాళ్ళు దొరక్కపోతే వినేవాళ్ళు. ఫ్రెంచి దర్శకుడు గొదార్ మరుసటి ఏడాది విడుదలైన 'పారీ వూ పార్' అన్న కథల సంపుటి చిత్రంలో తన భాగానికి మేజిల్స్‌ను పిలిచారు. నటీనటులకు ఏం చెయ్యాలో గొదార్ చెప్పారు, కెమెరామన్‌కు మాత్రం చెప్పలేదు. కల్పిత కథను ఏదో వీధిలో జరుగుతున్న సంఘటన లాగా వెంటాడి తియ్యమన్నారు. అమెరికాలో ఇంతకంటే మంచి కెమెరామన్ లేడని గొదార్ అన్నట్టు చెబుతారు. గొదార్ పొగడ్తలు ఒక్కోసారి చురకలు కూడా, జాగ్రత్తగా పుచ్చుకోవాలి.

'సేల్స్‌మన్' దగ్గర ఆగుతాను. 1969లో విడుదలైంది, తొంభై ఒక్క నిమిషాలు, నలుపు తెలుపు. క్యాథలిక్ కుటుంబాలకు బొమ్మల బైబిల్ అమ్మే నలుగురు మనుషులు. చర్చిలో పేరు ఇచ్చినవాళ్ళ చీటీలు పట్టుకుని ఇంటింటికీ తిరుగుతారు. పుస్తకం ఖరీదు 49 డాలర్ల 95 సెంట్లు. అది కొనలేని ఇళ్ళకే ఎక్కువగా వెళ్తుంటారు. ఆ అన్నదమ్ములూ కుర్రతనంలో ఇంటింటికీ తిరిగి సరుకులు అమ్మినవాళ్ళే, కాబట్టి ఆ గుమ్మాల దగ్గర నిలబడటం వాళ్ళకు కొత్త కాదు. నలుగురిలో పాల్ బ్రెనన్ అనే నడివయసు మనిషికి అమ్మకాలు తగ్గుతుంటాయి. కథ అంతే.

మొదటి సన్నివేశంలోనే పాల్ ఒక ఇంటి ముందు గదిలో కూర్చుని పుస్తకం పరిచి బొమ్మలు చూపిస్తుంటాడు. ఎదురుగా ఇల్లాలు, ఆమె ఒళ్ళో చిన్నపిల్ల. ఆమెకు కొనాలని లేదు, ఆ మాట మొహాన చెప్పడం ఇష్టం లేదు. కాసేపటికి పిల్ల దిగి వెళ్ళి పియానో మీటలు నొక్కుతుంది. పాల్ ముఖంలో ఉత్సాహం ఆరిపోతుంది. ఈ దృశ్యాన్ని ఒకే కెమెరాతో, ఒకే గదిలో, రెండోసారి తీసే వీలు లేకుండా తీశారు. మాట్లాడేది పాల్ అయినా కెమెరా ఆమె దగ్గరకు వెళ్తుంది. సాకు వెతుక్కుంటున్న కళ్ళను చూస్తుంది. ఆమె నోట కుదరదన్న మాట ఇంకా పూర్తిగా రాకముందే పాల్ వైపు తిరుగుతుంది. ఆ తిరగడంలో తొందర లేదు, ఆలస్యం లేదు. ఆమె కాదంటుందని కెమెరామన్‌కు పాల్ కంటే ముందు తెలిసింది. కెమెరాతో వినడం అని నేను అంటున్నది దీన్నే.

ఇంకో ఇంట్లో, బేరం సాగుతుండగా గృహస్థు రికార్డు ప్లేయరు మీద బీటిల్స్ పాట 'యెస్టర్డే' వాద్య సంగీతపు రూపం పెద్దగా పెడతాడు. ఆ గోలలో అమ్మేవాడు అమ్ముతూనే ఉంటాడు. ఏ స్క్రిప్టు రచయితకూ దొరకని సన్నివేశం. ఫ్లోరిడాలో ఒపా-లాకా అనే ఊళ్ళో వీధులకు అరేబియన్ నైట్స్ కథల పేర్లు పెట్టారు. పాల్ కారులో ఆ సింద్‌బాద్, ఆలీబాబా పేర్ల మధ్య ఇల్లు వెతుకుతూ దారి తప్పుతాడు. పక్క సీట్లోని కెమెరా అతని చెంప మీదే ఉంటుంది. బయటి వింతను చూపించడానికి పెద్దగా తొందరపడదు. చివరికి మోటెల్ గదిలో మిగతావాళ్ళు కబుర్లాడుకుంటుంటే పాల్ తలుపు దగ్గర నిలబడి బయటికి చూస్తుంటాడు. అమెరికా వ్యాపార నాగరికత మీద ఇంతకంటే ఘాటైన సినిమాలు ఉన్నాయి. తిట్టకుండా ఇంత బాధ పెట్టింది మాత్రం నేను చూసినంతలో ఇదొక్కటే. పంపిణీదారులు ముందుకు రాకపోతే అన్నదమ్ములు తామే థియేటరు అద్దెకు తీసుకుని వేసుకున్నారు.

'గిమ్మీ షెల్టర్' గురించి ఇంకొంత చెప్పక తప్పదు. 1969 డిసెంబరు 6న కాలిఫోర్నియాలోని ఆల్టమాంట్‌లో రోలింగ్ స్టోన్స్ ఉచిత కచేరీ. దాదాపు మూడు లక్షల జనం. వేదిక చుట్టూ హెల్స్ ఏంజెల్స్ అనే మోటార్‌సైకిల్ ముఠా. మెరెడిత్ హంటర్ అనే పద్దెనిమిదేళ్ళ నల్లజాతి యువకుడు కత్తిపోట్లకు చనిపోయాడు. ఆ రోజు అక్కడ చాలామంది కెమెరామన్లు ఉన్నారు. ఆ హత్య షాట్ బేర్డ్ బ్రయంట్‌ది, మేజిల్స్‌ది కాదు. మేజిల్స్ పేరు వినగానే ఆ షాట్ ఆయనకు అంటగడతారు, అందుకని చెబుతున్నాను. ఆ ఫిలింను ఎడిటింగ్ బల్ల మీద బృందం గాయకుడు మిక్ జాగర్‌కు చూపించి, అతను చూస్తుండగా అతన్ని తియ్యడం సినిమాకు వెన్నెముక. ప్రఖ్యాత విమర్శకురాలు పాలీన్ కేల్ 'న్యూయార్కర్'లో దీన్ని చీల్చి చెండాడారు. కెమెరా కోసమే జరిపిన తంతు అన్నారు, పనిలో పనిగా 'సేల్స్‌మన్' నిజాయితీ మీదా రాయి వేశారు. అన్నదమ్ములు ఘాటుగా జవాబు రాశారు. ఆ పత్రిక అప్పట్లో ఉత్తరాలు వేసేది కాదు. పాల్ నిజమైన బైబిల్ అమ్మకందారే, ఆ విషయంలో కేల్ తప్పు. కానీ ఆమె అడిగిన అసలు ప్రశ్న చావలేదు: కెమెరాలు రాకపోతే అన్ని లక్షల మంది ముందు అంత హడావిడిగా ఆ కచేరీ జరిగేదా?

ఆ ప్రశ్న 'గ్రే గార్డెన్స్'లో ఇంకో రూపంలో ఎదురవుతుంది. 1975 సినిమా. ఈస్ట్ హ్యాంప్టన్‌లో ఇరవై ఎనిమిది గదుల శిథిల భవనం. అందులో జాక్లీన్ కెనెడీ మేనత్త ఎడిత్ బీల్, ఆమె కూతురు, పిల్లులు, గోడలు తొలుచుకుని వచ్చే రకూన్లు. గోమార్ల బాధకు అన్నదమ్ములు పెంపుడు జంతువులకు కట్టే పట్టీలు కాళ్ళకు కట్టుకుని పనిచేశారు. కూతురు, అంటే లిటిల్ ఈడీ, తలకు స్వెటరు చుట్టుకుని, బ్రోచి పెట్టుకుని, కెమెరాతో సరసాలాడుతుంది, నాట్యం చేస్తుంది, అమ్మ మీద చాడీలు చెబుతుంది. ఇక్కడ మేజిల్స్ తెర వెనకే ఉండే తన నియమాన్ని తనే సడలించారు. అన్నదమ్ములు కనిపిస్తారు, వినిపిస్తారు, ఒకచోట అద్దంలో కెమెరాతో సహా పట్టుబడతారు. ఎందుకంటే ఆ ఇంట్లో అతిథి వచ్చాక జీవితం అతిథి చుట్టూ తిరిగింది. ఆ సంగతి దాచడం అబద్ధం అయ్యేది.

ఈ సినిమా మీద నాకు ప్రేమ ఉంది, ఇబ్బందీ ఉంది. వయసు మళ్ళిన శరీరాలను, చెడిపోయిన పడకగదిని అంత దగ్గరగా చూపించడం దోపిడీ అని కొందరు అప్పుడే రాశారు. లిటిల్ ఈడీ ఒప్పుకోలేదు, సినిమాను వెనకేసుకొచ్చింది. ఆమె సాక్ష్యాన్ని నేను తోసిపుచ్చను. అయినా ఆ సినిమాలో ఒక్కోసారి జూమ్ తల్లి చర్మం దాకా వెళ్ళి ఆగుతుంది. ఆ చోట అరడుగు వెనక్కి తగ్గితే బాగుండేదనిపిస్తుంది. ప్రేమించేవాడికి కూడా ఎంత దగ్గర చాలో తెలియాలి. ఆ కొలత ఏ లెన్స్ మీదా గీసి ఉండదు.

ఇక మన ఊరి సంగతి. మేజిల్స్ పద్ధతిని హైదరాబాదు వీధిలో నిలబెట్టి చూస్తే దాని హద్దు తెలుస్తుంది. 1984 ఆగస్టులో ఎన్.టి. రామారావు ప్రభుత్వం బర్తరఫ్, ఆ తరువాతి వారాల రాజకీయం, గణేశ్ ఊరేగింపుల రోజుల్లో మతకల్లోలం. వీటి మీద దీపా ధన్‌రాజ్ దర్శకత్వంలో, హైదరాబాద్ ఏక్తా బృందంతో కలిసి తీసిన 'క్యా హువా ఇస్ షహర్ కో?' 1986లో వచ్చింది. కెమెరా నవరోజ్ కాంట్రాక్టర్. ఆయన బరోడాలో చిత్రకళ చదివినవారు, 1973లో మణి కౌల్ 'దువిధ'కు రాజస్థాన్ ఎండనూ ఎర్ర బట్టనూ మరచిపోలేని రంగుల్లో పట్టినవారు. ధన్‌రాజ్‌తో కలిసి యుగాంతర్ అనే బృందాన్ని నడిపారు. ఆ బృందం హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనతో చర్చించి, వాళ్ళతో కలిసి 1983లో ఇంటి హింస మీద తెలుగులో 'ఇది కథ మాత్రమేనా' తీసింది. తెలంగాణ సాయుధ పోరాటంలోని స్త్రీల చేత మాట్లాడించి 'మనకు తెలియని మన చరిత్ర' ప్రచురించింది ఆ సంఘటనే.

కల్లోలం సినిమాలో కాంట్రాక్టర్ ముందు మేజిల్స్‌కు ఎన్నడూ ఎదురుకాని సమస్య ఉంది. జనాన్ని రెచ్చగొట్టే వక్త వేదిక మీద ఉన్నాడు. ఇల్లు కాలిన కుటుంబం సందులో ఉంది. ఇద్దరినీ ఒకే ఆదరంతో, ఒకే దూరం నుంచి తియ్యాలా? ఎదుటివాళ్ళను ప్రేమించు అన్న సూత్రం ఇక్కడ సరిపోదు. వేదిక మీది మాట సందులోకి ఎలా చేరిందో చెప్పకుండా ముఖాలు మాత్రం చూపిస్తే, చూసేవాడు మనుషులంతా ఇంతే అని నిట్టూర్చి లేచిపోతాడు. అందుకే ఆ సినిమా చరిత్రను వివరించింది, వ్యాఖ్యానాన్ని వాడుకుంది. నేను మొదట్లో వెక్కిరించిన గంభీరమైన గొంతు కాదది. అది ఎవరి పక్షాన ఉందో దాచుకోలేదు. వ్యాఖ్యానం ఉండకూడదన్న నియమం పాల్ బ్రెనన్ మోటెల్ గదిలో చక్కగా పనిచేసింది, పాతబస్తీ సందులో పనిచేసేది కాదు. కాంట్రాక్టర్ 2023 జూన్‌లో, దాదాపు ఎనభై ఏళ్ళ వయసులో, మోటార్‌సైకిల్ మీద వెళ్తూ రోడ్డు ప్రమాదంలో పోయారు. మన నగరాన్ని అంత కష్టకాలంలో చూసిన ఆ కళ్ళ గురించి తెలుగులో రాయాల్సింది ఇంకా చాలా ఉంది. వచ్చే ఏటి ఉపన్యాసానికి ఇది నా సూచన.

మేజిల్స్ దగ్గరకు వస్తే, డేవిడ్ 1987 జనవరిలో చనిపోయాడు. పాతికేళ్ళకు పైగా పక్కన నడిచిన చెవి పోయింది. ఇల్లు గడవడానికి వాళ్ళు వాణిజ్య ప్రకటనలు, కంపెనీ సినిమాలు తీస్తూనే ఉండేవారు. అది దాచుకోవలసిన విషయమేమీ కాదు, మన మంచి కెమెరామన్లలో ఎందరికో పెళ్ళిళ్ళే అన్నం పెట్టాయి. క్రిస్టో, జాన్-క్లోడ్ అనే కళాకార దంపతులు చేపట్టిన మహా నిర్మాణాల మీద వరుసగా సినిమాలు తీశారు. వాటిలో నాకు 'రన్నింగ్ ఫెన్స్' చాలా ఇష్టం. కాలిఫోర్నియా కొండల మీద ఇరవై నాలుగున్నర మైళ్ళ తెల్ల నైలాన్ కంచె. కెమెరా ఆ అందంతో పాటు దానికి అనుమతి ఇవ్వాలా వద్దా అని సమావేశాల్లో తగువులాడే పశువుల రైతులనూ ఓపికగా చూస్తుంది. కళ అంటే ఏమిటో పాలేరు భాషలో వాదించుకునే ఆ సభలు పట్టుబట్టి చూడవలసినవి.

2001లో 'లాలీస్ కిన్' వచ్చేసరికి ఆయనకు డెబ్బై నాలుగు. మిసిసిపీ డెల్టాలో పత్తి పొలాలు ఒకప్పుడు మనుషుల్ని ఎలా పిండాయో, యంత్రాలు వచ్చాక ఎలా వదిలేశాయో, ఒక ముసలామె ఇంట్లోని మనవలు, మునిమనవల మధ్య నుంచి తెలుస్తుంది. సన్‌డాన్స్ ఉత్సవంలో ఆ సినిమాకు ఛాయాగ్రహణ బహుమతి ఇచ్చారు. పత్తి పండే జిల్లాల నుంచి వచ్చిన మనవాళ్ళు ఆ సినిమా చూస్తే చాలా చోట్ల ఉలిక్కిపడతారు. ఆ తరువాతి రోజుల్లో ఆయన చేతిలో చిన్న డిజిటల్ కెమెరా ఉండేది. పాతతరం వాళ్ళు ఫిలిం పోయిందని విచారిస్తుంటే, ఆయన మాత్రం పదకొండు నిమిషాల సంకెల తెగిందని సంబరపడ్డారు. 'ఐరిస్' వచ్చేనాటికి ఆయనకు ఎనభై ఏడేళ్ళ చిల్లర. ఫ్యాషన్ ప్రియురాలు, తొంభై దాటిన ఐరిస్ ఆప్ఫెల్ గురించిన సినిమా అది. అందులో ఆమె కెమెరా వెనక ఉన్న ఆయనతోనే కబుర్లాడుతుంది, ఆయన జవాబిస్తారు. 'ఇన్ ట్రాన్సిట్' షికాగో నుంచి పడమటి తీరానికి పోయే రైలులోని ప్రయాణికుల సంభాషణలతో కూర్చిన సినిమా. ఆయన పోయిన మరుసటి నెలలో ప్రదర్శించారు. నలుగురు యువ సహచరులతో కలిసి తీసినది కనుక ఏ షాట్ ఎవరిదని నేను పందెం కట్టను.

టీ తరువాత 'సేల్స్‌మన్' వేస్తున్నారు. తెలుగులో ఉపశీర్షికలు లేవు, ఇంగ్లీషులో ఉన్నాయి. అవి చదవడంలో పడి ముఖాలు వదిలేయకండి. బేరాల మాటలు నాలుగో ఇంటికల్లా మీకు కంఠతా వచ్చేస్తాయి, అక్కడినుంచి చదవాల్సిన అవసరమే రాదు. ప్రొజెక్టరు దగ్గరున్న అబ్బాయికి ఒక మనవి. మొదటి సన్నివేశంలో పియానో శబ్దం కొంచెం తక్కువగా వినిపిస్తుంది, ధ్వని తగ్గించకండి.